కత్తెర పట్టిన స్నేహం

హాస్టల్ టీవీ హాల్లో ఆదివారం సినిమా మొదలవగానే హీరో పేరుకి ఈలలు వేసేవాళ్లం. 'కూర్పు' అన్న మాట పక్కన ఎవరి పేరుందో ఒక్కరోజూ చదవలేదు. పాత తెలుగు సినిమాల్లో ఎడిటింగుని అలాగే రాసేవారు. కోసే పనిని కూర్పు అన్న మనవాళ్లకు దాని విలువ బాగా తెలుసు.

ఆ పనిలో ఆరితేరిన ఒక జర్మన్ మహిళ గురించి తమ్ముళ్లకు, చెల్లెళ్లకు చెప్పాలని ఈ నాలుగు మాటలు. ఆమె పేరు బేయాటె మైంకా-యెల్లింగ్‌హౌస్. 1968 నుంచి 1984 దాకా వెర్నర్ హెర్జోగ్ తీసిన 'అగిర్రె' (1972), 'ఫిట్జ్‌కరాల్డో' (1982) వంటి చాలా చిత్రాలకు ఎడిటర్ ఆమే. 1968లో వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ గెలిచిన అలెగ్జాండర్ క్లూగే చిత్రానికీ ఆమే కూర్పు చేశారు.

అప్పుడు కంప్యూటర్లు లేవు. సెకనుకు 24 బొమ్మలు, అంటే అడుగున్నర ఫిల్మ్. బల్ల మీద తిప్పి చూస్తూ, కోస్తూ, టేపుతో అతికించాలి. ఎక్కడ కోయకూడదో కూడా తెలియాలి. 'అగిర్రె' మొదట్లో మంచు కమ్మిన కొండ మీంచి జనం బారులు తీరి దిగుతుంటారు. ఆ దృశ్యాన్ని తొందరపడి తుంచలేదు. అందుకే ఆ కొండ ఎంత పెద్దదో, మనుషులు ఎంత చిన్నవాళ్లో మనకు తెలుస్తుంది.

ఆమెకు మొహమాటం లేదు. తన మొదటి పెద్ద చిత్రం రీలు ఒకటి చూసి, బాగాలేదని చెత్తబుట్టలో పడేశారని హెర్జోగే చెప్పుకున్నారు. ఆమె మాట నిజమేనని తర్వాత ఆయనకు అర్థమైందట. అయినా ఆమె ఆయన్ని వదిలిపోలేదు. తిట్టిన చిత్రాన్నే ముందు పెట్టుకుని, పక్కన కూర్చుని బాగుచేశారు.

నేను పదో తరగతిలో రాసిన వీడ్కోలు ఉపన్యాసాన్ని ఒక సీనియర్ అన్న ఎర్ర పెన్నుతో సగం కొట్టేశాడు. మూడు రోజులు మాట్లాడలేదు నేను. కానీ మిగిలిన సగాన్ని రాత్రి స్టడీ అవర్ అయ్యాక నాతో పదిసార్లు చదివించిందీ ఆ అన్నే.

మన పిల్లల మనసు ఇప్పటికే చాలా మాటలు పడి ఉంటుంది, తప్పులెంచకూడదు అంటారు కొందరు. ఆ బాధ నాకూ తెలుసు. కానీ ఏం రాసినా చప్పట్లు కొట్టి పంపితే, రేపు ఇంటర్వ్యూ గదిలో ఎవరో కొత్తవాడు దయ లేకుండా ఆ తప్పు చెబుతాడు. దూరంగా నిలబడి వేలు చూపేవాడికి ఆ హక్కు లేదు. పక్కన కూర్చుని దిద్దేవాడికి ఉంది.

కాబట్టి పూర్వ విద్యార్థులకు నా విన్నపం. వార్షికోత్సవానికి వచ్చి దండలు వేయించుకుని వెళ్లిపోకండి. ఒక్క పూట ఒక్క తమ్ముడి నోటుబుక్కు ముందు కూర్చోండి.

ఈ వ్యాసం మొదట దీనికి రెండింతలు ఉండేది. సగం కొట్టేసిన ఇంటర్ తమ్ముడికి కృతజ్ఞతలు!