తుపాకీ తీసేయండి, తగువు తీసేయకండి

ఈరోజు యూరియా గురించి కాదు, టామ్ అండ్ జెర్రీ గురించి. నవ్వకండి, చివరిదాకా చదవండి. మన ఇళ్ళల్లో పిల్లలు ముద్ద మింగేది ఆ బొమ్మలు చూస్తూనే కదా!

ఈ పిల్లీ ఎలుకా 1940లో పుట్టాయి. హన్నా, బార్బెరా అనే ఇద్దరు అమెరికావాళ్ళు సినిమా హాళ్ళ కోసం తీసిన చిన్న బొమ్మలు. ఏడు ఆస్కార్లు వచ్చాయి. మాటలు దాదాపు ఉండవు, అందుకే ఇంగ్లీషు రాని మన ముసలమ్మలు కూడా పడీపడీ నవ్వారు. ఎలుక తెలివి గురించి మనకొకరు చెప్పాలా? వరి పొట్ట మీదున్నప్పుడు గట్ల వెంట బొరియలు చూసినోళ్ళం.

1975లో టీవీ కోసం వీటిని మళ్ళీ తీశారు. పిల్లల టీవీలో కొట్లాటలు వద్దని అక్కడ ఒత్తిడి. దాంతో ఇద్దరినీ స్నేహితుల్ని చేసి, ఊళ్ళు తిప్పి, ఆటల పోటీలకు పంపారు. తీసింది ఆ హన్నా, బార్బెరా కంపెనీయే. అయినా జనం ఇప్పటికీ వెతుక్కుని చూసేది పాతవే. పిల్లి ఎలుకను తరమకపోతే ఇంకేం కథ? కారం వెయ్యని ఆవకాయ!

2020లో బగ్స్ బన్నీ కుందేలును కొత్తగా తెచ్చినప్పుడు, వేటగాడు ఎల్మర్ చేతిలో తుపాకీ తీసేశారు. ఒక బొమ్మలో పొడుగు కర్ర కొడవలి ఇచ్చారు. డైనమైట్లు ఉంచారు. దీనిమీద అక్కడ పెద్ద గొడవ. నాకైతే తప్పనిపించలేదు. అక్కడ బడుల్లో నిజం తుపాకులే పేలుతున్నాయి. అయినా నవ్వు తుపాకీలో లేదండీ, తను తీసిన గోతిలో తనే పడటంలో ఉంది.

పాతవన్నీ బంగారం అని కూడా అనను. నల్లవాళ్ళని ఎగతాళి చేసిన సీన్లు వాటిలో ఉన్నాయి. అవి పోవాల్సిందే.

పిల్లలు చూసి కొట్టుకుంటారు అంటారా? పసివాళ్ళు చూసింది చేస్తారు, నిజమే. బండ పడి అప్పడమైన పిల్లి మరు నిమిషం లేస్తుంది, మనిషి లేవడు అని పక్కన కూర్చుని చెప్పాలి. ఫోన్ చేతికిచ్చి మనం పొలం పోతే ఆ మాట ఎవరు చెప్తారు?

పాత వరి రకం మళ్ళీ వేసినప్పుడు ఎరువు మారుస్తాం, నీళ్ళు మారుస్తాం. విత్తనమే మార్చేస్తే అది పాత రకం ఎట్లా అవుతుంది? చిన్నది పెద్దదాన్ని తెలివితో గెలవడమే ఈ బొమ్మలకు విత్తనం. మీరేమంటారో కింద రాయండి.