గేరుపెట్టెకు ఏ నూనె?



కారులో వెళ్ళేటప్పుడు నడిపేవారి ఎడమచేతిని ఎప్పుడైనా గమనించారా? ఆ చెయ్యి మాటిమాటికీ గేరుకడ్డీ మీదికి పోతుంది. ఎడమకాలు క్లచ్చిని తొక్కుతుంది, చెయ్యి కడ్డీని ముందుకో వెనక్కో తోస్తుంది, ఇంజను మోత మారుతుంది. "ఆ కడ్డీ కింద ఏమున్నది మాస్టారూ? అందులో కూడా నూనె పోస్తారా?" అని మీలో ఒకరు అడిగారు. పోస్తారు. ఏ నూనె పొయ్యాలో తెలియక నేను ఒకసారి డబ్బూ, దానితోపాటు కొంత పరువూ పోగొట్టుకున్నాను. ఆ సంగతీ చెబుతాను.

ముందు కందెన మాట చూద్దాం. నా చిన్నతనంలో ఎడ్లబళ్ళ కింద ఒక గొట్టమో బుడ్డో వేలాడుతూ ఉండేది. అందులో నల్లని కందెన. ఆముదంలో కాల్చిన గడ్డి మసి కలిపి చేసేవారు. ఇరుసుకు కందెన పెట్టకపోతే బండి కీచుమని ఊరంతా వినబడేట్టు ఏడ్చేది. ఆముదం మన బళ్ళకే పరిమితమనుకోకండి. ఇంగ్లండులో వేక్‌ఫీల్డు అనే ఆయన కంపెనీ 1909 లో ఆముదం కలిపిన ఇంజను నూనె తయారుచేసింది. ఆముదానికి ఇంగ్లీషులో ఉన్న 'కాస్టర్' అనే పేరును బట్టే దానికి 'కాస్ట్రాల్' అని పేరు పెట్టారు. మీరు చూసే ఆ డబ్బాల పేరులో మన ఆముదం దాగి ఉన్నదన్నమాట!

సరే, గేరుపెట్టెలోకి వద్దాం. అందులో ఇనుప కడ్డీలూ, వాటి మీద చిన్నవీ పెద్దవీ పళ్ళచక్రాలూ ఉంటాయి. చిన్న చక్రం పెద్దచక్రాన్ని తిప్పితే వేగం తగ్గి బలం పెరుగుతుంది. మొదటి గేరులో ఇంజను మూడు నాలుగు చుట్లు తిరిగితేగాని పెట్టెలోనుంచి బయటికి ఒక్క చుట్టు రాదు. అందుకనే బయలుదేరేటప్పుడూ, ఘాటు ఎక్కేటప్పుడూ మొదటి గేరు కావాలి.

కడ్డీని తోస్తే చక్రాలు పక్కకు జరిగి ఒకదానిలో ఒకటి ఇరుక్కుంటాయని చాలామంది పెద్దవాళ్ళు కూడా అనుకుంటారు. పాతకాలపు కార్లలో అంతే. ఈనాటి కార్లలో ముందుకు నడిపే గేర్ల చక్రాలన్నీ ఎప్పుడూ జతలు జతలుగా పెనవేసుకునే ఉంటాయి. కడ్డీ చేసే పని ఏమంటే, వాటిలో మనకు కావలసిన చక్రాన్ని దాని ఇరుసుతో కలిపి బిగించడం. కాని చక్రం ఒక వేగాన తిరుగుతూ ఉంటుంది, ఇరుసు మరొక వేగాన తిరుగుతూ ఉంటుంది. కదిలే బస్సును ఎక్కేవాడు ఏం చేస్తాడు? (మీరు మాత్రం ఎన్నడూ అలా ఎక్కవద్దు.) బస్సుతో సమానంగా నాలుగు అడుగులు పరుగెత్తి, వేగం కలిశాక కాలు మోపుతాడు. నిలబడ్డవాడు నిలబడ్డట్టే ఎక్కబోతే పడిపోతాడు.

గేరుపెట్టెలో ఈ నాలుగు అడుగులూ పరుగెత్తేది ఒక ఇత్తడి ఉంగరం. అది చక్రానికి ఉన్న కోసుగా చెక్కిన భాగాన్ని ఒరుసుకుని, బ్రేకు పట్టినట్టు పట్టి, రెండు వేగాలనూ సమానం చేస్తుంది. ఆ తరవాత పళ్ళు చప్పుడు లేకుండా కలుస్తాయి. ఈ ఏర్పాటును అమెరికాలో కాడిలాక్ కంపెనీ 1928 లో తన కార్లలో పెట్టింది. దీని పేరు సింక్రోమెష్. అంతకు ముందు నడిపేవాళ్ళు ఒక్క గేరుకు రెండుసార్లు క్లచ్చి తొక్కి, చెవితో వేగం అంచనా కట్టి గేరు వేసేవారు. తప్పితే 'కర్ర్ర్' మని పళ్ళు నూరుకునేవి.

ఇప్పుడు నూనె సంగతి ఆలోచించండి. చక్రాల పళ్ళ మధ్య నూనె బాగా జారాలి, లేకపోతే పళ్ళు అరుగుతాయి. కాని ఇత్తడి ఉంగరం దగ్గర మరీ జారకూడదు! సబ్బు రాసుకున్న చేతులతో చెంబు మూత బిగించబోతే ఏమవుతుంది? ఉంగరానికి పట్టు చిక్కదు, వేగాలు కలవవు. ఒకే పెట్టె, ఒకే నూనె, రెండు ఎదురు పనులు.

నేను పప్పులో కాలు వేసినది ఇక్కడే.

ఉద్యోగ విరమణ చేసిన ఏడాది నా పాత చిన్నకారుకు గేరు నూనె మార్చవలసి వచ్చింది. దుకాణంలో రెండు డబ్బాలు చూపించారు. ఒకదాని మీద 'జీఎల్-4', రెండోదాని మీద 'జీఎల్-5'. ముప్ఫై ఏళ్ళకు పైగా మార్కులు వేసిన చెయ్యి నాది. నాలుగు కన్న అయిదు ఎక్కువ, ధర కూడా ఎక్కువ, కనక అదే మంచిదై ఉంటుంది అనుకుని రెండోది కొన్నాను. కారుతో వచ్చిన పుస్తకంలో ఏమని రాసి ఉన్నదో చూడనేలేదు. పుస్తకం చదవండిరా అని వేలమంది పిల్లలకు చెప్పిన మనిషిని!

కొన్నాళ్ళకు రెండో గేరు వేసినప్పుడల్లా కర్రుమనడం మొదలుపెట్టింది. అయిదారు నెలలు అలాగే తిప్పాను. చివరకు మా బడిలో చదివిన ఒక కుర్రాడు పెట్టుకున్న షెడ్డుకు తీసుకువెళ్ళాను. వీడు ఆరో తరగతిలో లెక్కలు తప్పేవాడు. వాడు కారు కిందినుంచి ఒక గరిటెడు నూనె తీసి, ఎండలోకి తెచ్చి, గాజుగ్లాసులో తిప్పి చూపించాడు. నూనెలో సన్నని బంగారు పొడి తళతళలాడింది.

"ఇత్తడి ఉంగరం అరుగుతోంది మాస్టారూ. ఏ నూనె పోశారండీ?"

చెప్పాను. ఎందుకు కొన్నానో కూడా చెప్పాను.

"ఇవి మార్కులు కావండీ," అన్నాడు వాడు తల గోక్కుంటూ. "బస్సు నంబర్లలాంటివండీ. 5 నంబరు బస్సు 4 నంబరు బస్సు కన్న గొప్పదేం కాదు గదండీ, వేరే ఊరు పోతుందంతే."

వాడు చెప్పినదానిలోని శాస్త్రం ఇది. జీపుల వంటి కొన్ని బళ్ళకు ఇంజను ముందు ఉంటుంది, తోసే చక్రాలు వెనక ఉంటాయి. వెనక ఇరుసు మధ్య గుండ్రని ఇనుపడిప్పలో క్రౌను, పినియను అని రెండు పళ్ళచక్రాలు ఉంటాయి. వీటిలో 'హైపాయిడ్' అనే రకాన్ని పాకార్డు కంపెనీ 1926 లో కార్లలో ప్రవేశపెట్టింది. ఈ పళ్ళు ఒకదాని మీద ఒకటి దొర్లడమే కాదు, గట్టిగా అదుముకుంటూ జారతాయి. ఆ ఒత్తిడికి మామూలు నూనెపొర చిట్లిపోతుంది. అందుకని ఆ నూనెలో గంధకమూ, భాస్వరమూ ఉన్న మందులు కలుపుతారు. పళ్ళు వేడెక్కినచోట అవి ఇనుముతో కలిసి పలచని పొరగా ఏర్పడతాయి. పంటికి బదులు ఆ పొర అరుగుతుంది. ఈ మందులు ఎక్కువగా ఉన్నది జీఎల్-5. అందులో ఉన్నవాటిలో సుమారు సగం ఉన్నది జీఎల్-4.

గంధకం ఇనుముకు మేలు చేసింది, బాగానే ఉన్నది. కాని వెండి గజ్జెలు నల్లబడడం మీరు చూసే ఉంటారు. గాలిలో ఉన్న కొద్దిపాటి గంధకం చేసే పనే అది. ఇత్తడిలో ఉన్న రాగి మీద కూడా గంధకం పనిచేస్తుంది. పైగా ఆ నూనె మరీ జారుడుగా ఉండి ఉంగరానికి పట్టు దొరకనివ్వదు. ఉంగరం ఎక్కువసేపు ఒరుసుకుంటుంది, ఎక్కువ అరుగుతుంది. నా కారులో అయినది అదే. సరైన నూనె పోశాక మూడో గేరు నెమ్మదించింది గాని, రెండో గేరు ఉంగరం అప్పటికే అరిగిపోయింది. పెట్టె విప్పవలసి వచ్చింది. ఉంగరం ఖరీదు కన్న విప్పి బిగించిన కూలి ఎక్కువ.

అలాగని జీఎల్-5 చెడ్డదని ఎక్కడా చెప్పకండి. తన చోట అది ఉత్తమమైనది. కొన్ని కంపెనీలు తమ గేరుపెట్టెకు కూడా దానినే పొయ్యమంటాయి, రెండింటికీ పనికివచ్చే నూనెలు కూడా ఉన్నాయి. కనక కారు పుస్తకం ఏమంటుందో అదే సరి.

డబ్బా మీద ఇంకొక అంకె ఉంటుంది: 75డబ్ల్యు-90 అని. ఇది చిక్కదనానికి గుర్తు. 'డబ్ల్యు' అంటే ఇంగ్లీషులో చలికాలం. 75డబ్ల్యు నూనె సున్నకు దిగువ 40 డిగ్రీల చలిలో కూడా గడ్డకట్టక కదలాలి. 80డబ్ల్యు అయితే సున్నకు దిగువ 26 డిగ్రీల దాకా. మన లంబసింగిలో చలికాలాన వేడిమి సున్న దరిదాపులకు దిగితేనే అబ్బో అనుకుంటాం! రెండో అంకె 90, నూనె నీళ్ళు మరిగేంత వేడెక్కినప్పుడు ఎంత చిక్కగా ఉంటుందో చెబుతుంది. ఇక్కడ ఇంకొక మోసం ఉన్నది. ఇంజను నూనె మీద 40 అని చూసి, గేరు నూనె దానికి రెండింతల కన్న చిక్కన అనుకునేరు. రెండింటి కొలబద్దలు వేరు. గేరు నూనె 90 ఇంచుమించు ఇంజను నూనె 40, 50 ల చిక్కదనంలోనే ఉంటుంది. సేరుతో కొలిచినదాన్ని గజంతో పోల్చకూడదు గదా. 1959 లో వచ్చిన మినీ అనే ఇంగ్లీషు కారులో ఇంజనుకూ గేరుపెట్టెకూ ఒకే నూనె. మన మోటారుసైకిళ్ళు చాలావాటిలో ఈనాటికీ అంతే.

గేరు నూనెకు ఒక పాత కథ ఉన్నది. ఒకప్పుడు ఒత్తిడిని తట్టుకోవడానికి స్పెర్మ్ తిమింగలం నూనెను గంధకంతో కలిపి ఇందులో వేసేవారు. తిమింగలాలు తరిగిపోతూ ఉండడంతో అమెరికా 1970 లో వాటిని ఆపదలో ఉన్న జంతువుల పట్టికలో చేర్చింది, ఆ నూనె రావడం ఆగింది. జొజోబా అనే ఎడారిపొద గింజలలోని నూనె గుణంలో దానికి దగ్గర అని తేలింది. ఆ పొదను ఇప్పుడు రాజస్థానంలో కూడా పెంచుతున్నారు.

ఇక మార్చే పద్ధతి. ఇది పెద్దలు చెయ్యవలసిన పని, మీరు దూరాన నిలబడి చూడవలసిన పని. ఒక్క జాకీ మీద ఎత్తిన కారు కిందికి ఎవ్వరూ దూరకూడదు. జాకీ జారితే కేకవేసే వ్యవధి కూడా ఉండదు. మా శిష్యుడు కారును గొయ్యి మీదికి, సమంగా ఉన్నచోట నిలిపాడు. అంతకు ముందు నాలుగు మైళ్ళు తిప్పి తెమ్మన్నాడు. వెచ్చబడిన నూనె పలచనై, అడుగున ఉన్న మడ్డిని కూడా తీసుకుని దిగుతుంది.

పెట్టెకు రెండు బిరడాలుంటాయి. పక్కనున్నది నూనె పోసేది, అడుగునున్నది తీసేది. నూనె తియ్యాలంటే ముందు ఏది విప్పాలి? అడుగుది అంటారు గదూ? నేనూ అదే అన్నాను.

"కాదండీ. పోసే బిరడా ముందు విప్పాలండీ. అది తుప్పుపట్టి రాకపోతే? అడుగున ఉన్న నూనె అంతా తీసేసి, కొత్తది పొయ్యడానికి దారి లేక, బండి ఇక్కడే ఉండిపోతుంది గదండీ."

ఆ బిరడా వదలడానికి పావుగంట పట్టింది. వాడు తొందరపడలేదు. అది కదిలాకనే అడుగుది విప్పాడు. అడుగు బిరడాకు అయస్కాంతం ఉన్నది. దానికి బూడిదరంగు మెత్తని ముద్ద అంటుకుని వచ్చింది. అది మామూలే. ఇనుప పలుకులు వస్తే మాత్రం పన్ను విరిగిందన్నమాట. బిరడా కింద ఉండే పలచని రాగి వాషరు పారేసి కొత్తది వేశాడు. పాతది ఒకసారి నలిగింది కనక మళ్ళీ సరిగా అతకదు. ఆ తరవాత గొట్టంతో పక్క రంధ్రంలో కొత్త నూనె పోశాడు. మా చిన్నకారుకు రెండు లీటర్లు అటూ ఇటూగా పట్టింది. రంధ్రం అంచునుంచి సన్నగా కారడం మొదలుపెట్టగానే ఆపాడు. అంతకు తగ్గితే పై చక్రాలకు అందదు, మించితే నురుగు కట్టి సందులనుంచి కారుతుంది.

పాతనూనె మురికిగా, కుళ్ళిన గుడ్డు కంపు కొడుతూ ఉంటుంది. మన దేశంలో 2016 నాటి నిబంధనల ప్రకారం వాడిన నూనె ప్రమాదకరమైన వ్యర్థం. దానిని కాలవలో పారబొయ్యకుండా అనుమతి ఉన్న శుద్ధి కర్మాగారాలకు చేర్చాలి. షెడ్డు మూల ఒక పీపా ఉన్నది, వాడు అందులో పోశాడు.

డబ్బులిస్తూ అడిగాను: "ఒరే, నీకు లెక్కలు రావని అన్నది నేనేనా?"

"మీరేనండీ. రెండుసార్లు బెంచీ కూడా ఎక్కించారండీ," అని నవ్వి, చిల్లర లెక్కపెట్టి ఇచ్చాడు. సరిగ్గానే ఉన్నది.

మీరు ఇంట్లో చెయ్యదగిన పరీక్ష ఒకటి చెబుతాను. ఒక పళ్ళాన్ని కొంచెం ఏటవాలుగా నిలిపి, పై అంచున నీళ్ళు, నువ్వులనూనె, ఆముదం ఒక్కొక్క చుక్క వరసగా వెయ్యండి. ఏది ఎన్ని సెకండ్లలో కింది అంచు చేరిందో రాసుకోండి. తరవాత ఆ గిన్నెలను ఒక గంట ఫ్రిజ్జిలో ఉంచి మళ్ళీ చెయ్యండి. కొబ్బరినూనె కూడా పెడితే ఒక వింత చూస్తారు. ఆ వింత ఏమిటో, ఆముదానికి ఎన్ని సెకండ్లు పట్టిందో కార్డు మీద రాసి పంపండి. అమ్మనడిగి చేసుకోండి, ఆముదం మరక బట్టకు అంటితే ఒక పట్టాన పోదు.