కదిలే చరిత్రను కాపాడుకుందాం

చరిత్ర అనగానే మనకు శాసనాలు, తాళపత్రాలు, కోటలు గుర్తుకు వస్తాయి. హైదరాబాదు పాతబస్తీలో ఇటువంటి సాక్ష్యాలకు కొరత లేదు. 1591లో వెలసిన చార్మినార్ నేటికీ తలయెత్తి నిలిచి ఉన్నది. అయితే రాయి కట్టడాన్ని నిలపగలదు గాని, దాని నీడన సాగిన జీవితాన్ని నిలపలేదు. లాడ్‌బజారులో లక్కగాజులు మలిచే చేతి ఒడుపు, డబీర్‌పురా నుండి బీబీకా ఆలంను మోసుకొని చాదర్‌ఘాట్‌కు సాగే ఏనుగు నడక, లాల్‌దర్వాజా బోనాల కోలాహలం - ఇవి కదలికతో సహా రేపటి తరానికి అందాలంటే చలనచిత్రమే శరణ్యం.

కాని ఆ చలనచిత్రాన్ని మనం కాపాడుకున్నామా? 1922లో ధీరేన్ గంగూలీ హైదరాబాదులో లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించి మూకీ చిత్రాలు నిర్మించాడు. 1924లో 'రజియా బేగం' చిత్రాన్ని ప్రదర్శించినందుకు నిజాం ఆగ్రహానికి గురై నగరాన్ని విడిచి వెళ్ళాడు. ఆ కథ పుస్తకాలలో మిగిలింది. ఆ సంస్థ తీసిన చిత్రాలు మాత్రం చూద్దామన్నా దొరకవు. 1932లో విడుదలైన తొలి తెలుగు టాకీ 'భక్తప్రహ్లాద'కూ ఇదే గతి పట్టింది.

దీనికి కారణాలు లేకపోలేదు. ఆనాటి నైట్రేట్ ఫిల్ము ఇట్టే అంటుకొనేది. తరువాత వచ్చిన ఎసిటేట్ ఫిల్ము వేడికి, తేమకు పాడై, పుల్లని వాసన వేస్తూ ముడుచుకుపోతుంది. ఆడిపోయిన చిత్రానికి విలువ ఏమున్నదని, ఫిల్ములోని వెండి కోసం దానిని కరిగించినవారూ ఉన్నారు. 1964లో పుణెలో జాతీయ ఫిల్ము ఆర్కైవ్ ఏర్పడేనాటికే ఎంతో సంపద నశించింది.

పాత రీళ్ళకు ఇంత శ్రమ, ఇంత వ్యయం ఎందుకని కొందరు అడుగుతారు. 1951లో సాలార్‌జంగ్ మ్యూజియం ప్రారంభమైన దివాన్ దేవ్డీ భవనాలు నేడు చాలావరకు లేవు. కూలిన గోడలు తిరిగి రావు. వాటి రూపురేఖలు తెలియాలంటే నాటి చిత్రాలే ఆధారం.

అయితే తెరపై కనబడినదంతా సంపూర్ణ సత్యమని భ్రమించరాదు. 1948 సెప్టెంబరులో జరిగిన పోలీసు చర్య సందర్భంగా వార్తాచిత్రాలు సైన్యం రాకను, లొంగుబాటును చూపాయి. కెమెరా అడుగుపెట్టని పల్లెలలో సామాన్యులు పడిన వేదన తెలియాలంటే సుందర్‌లాల్ కమిటీ నివేదికను, పెద్దల జ్ఞాపకాలను ఆశ్రయించవలసిందే. ఎవరు తీశారు, ఎవరి కోసం తీశారు, దేనిని విడిచిపెట్టారు అని ప్రశ్నించినప్పుడే దృశ్యం చరిత్రకు సాక్ష్యమవుతుంది.

తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో ఫర్మానాలు భద్రంగా ఉన్నాయి. పాతబస్తీ చలనదృశ్యాలకు కూడా అటువంటి నిలయం, అదీ పాతబస్తీలోనే ఉండాలి. ప్రభుత్వం పూనుకోవలసిన పని ఇది. అయితే అంతవరకు మనం చేతులు ముడుచుకొని కూర్చోనక్కరలేదు. ఎన్నో ఇళ్ళ అటకలపై ఇరవై, ముప్ఫై ఏళ్ళనాటి పెళ్ళి వీడియో కేసెట్లు దుమ్ము పట్టి ఉన్నాయి. ఆ బారాతు వెనుక నాటి వీధి, దుకాణం, వేషం, భాష అన్నీ ఉన్నాయి. వాటిని డిజిటల్ రూపంలోకి మార్చి, తేదీ, స్థలం, అందులోని మనుషుల పేర్లు పెద్దలను అడిగి రాసిపెట్టడం విద్యార్థులు చేయగల పనే. పేరు చెప్పగల పెద్దలు ఉండగానే ఆ పని జరగాలి. వివరం లేని దృశ్యం చిరునామా లేని ఉత్తరం వంటిది.