ఇంట్లో కరెంటు తీగలకు సరైన దారి

పోయినవారం సకినాల పిండి గురించి రాశాను. ఈ వారం పిండిగిన్నె పక్కన పెట్టి ఒక్కసారి తల పైకెత్తి చూడండి. మీ ఇంట్లో కరెంటు తీగలు ఎట్లా పోతున్నాయి? మేకు నుంచి మేకుకు వేలాడుతున్నాయా? వాసానికి చుట్టుకుని ఉన్నాయా? ఇది మగవాళ్ళ పని, మనకెందుకులే అనుకోకండి. రోజంతా ఆ స్విచ్చులు వేసేదీ తీసేదీ, తడిచేత్తో మిక్సీ పట్టేదీ, వాన మొదలవగానే పరుగెత్తి దండెం మీది బట్టలు తీసేదీ మనమే. షాక్ కొడితే ముందు కొట్టేది మనకే.

మా వర్ధన్నపేటలో వరంగల్-ఖమ్మం రోడ్డు వెంబడి ఎక్కడ చూసినా ముందు దుకాణం, వెనక ఇల్లు. కొంచెం లోపలికి పోతే పాత పెంకుటిల్లు, దానికి ఆనించి తర్వాత కట్టిన స్లాబు గది, దాని వెనక రేకుల వంటిల్లు. గది పెరిగినప్పుడల్లా కొత్తగా వైరింగ్ చేయించేవాళ్ళు తక్కువ. పాత బోర్డు నుంచే ఒక తీగ లాగుతారు. దాని నుంచి ఇంకోటి. అట్లా లాగీ లాగీ చివరికి వంటింటి గోడ సాలెగూడులా తయారవుతుంది.

దీనికి తోడు 2024 మార్చిలో గృహజ్యోతి కింద 200 యూనిట్ల లోపు వాడే అర్హులైన ఇళ్ళకు సున్నా బిల్లు రావడం మొదలైంది. మంచిదే. కానీ బిల్లు లేదు కదా అని ఇండక్షన్ పొయ్యి కూడా తెచ్చి పెట్టుకున్న ఇళ్ళు కొన్ని ఉన్నాయి. ఒక్కసారి లెక్క వేసి చూద్దాం. ఇండక్షన్ పొయ్యి 2000 వాట్లు, మిక్సీ 750, రైస్ కుక్కర్ 700 అనుకోండి. మూడూ కలిస్తే 3450 వాట్లు. మనకొచ్చే కరెంటు 230 వోల్టులు కాబట్టి భాగిస్తే 15 ఆంపియర్లు. ఇదంతా ఒక్క ఎక్స్‌టెన్షన్ బాక్సుకు పెడితే, ఆ బాక్సు తగిలించిన చిన్న ప్లగ్గు తట్టుకునేది 6 ఆంపియర్లే. ఇంక ఆ తీగ కాగిన పెనంలా వేడెక్కదా?

వేడి దగ్గరే ఉంది అసలు సంగతి. కరెంటు పోయే ప్రతి తీగా కాస్తో కూస్తో వేడెక్కుతుంది. ఆ వేడి బయటికి పోవాలంటే చుట్టూ గాలి ఆడాలి. పది తీగల్ని తాడులా పేని కట్టేస్తే మధ్యలో ఉన్న తీగ వేడి ఎక్కడికి పోతుంది? పీవీసీ తొడుగు మామూలుగా 70 డిగ్రీల వరకే ఓర్చుకుంటుంది. మే నెలలో రేకుల కింద గాలే మనల్ని ఉడికించేస్తుంది, అక్కడి తీగకు ఇంక మిగిలే ఓపిక ఎంత? మెల్లమెల్లగా తొడుగు పెళుసెక్కి పగుళ్ళు వేస్తుంది.

పెద్ద ఆసుపత్రికో షాపింగ్ మాల్‌కో పోయినప్పుడు కింద బండ్లు పెట్టేచోట పైకప్పు వైపు చూడండి. ఇనుప నిచ్చెనను అడ్డంగా వేలాడదీసినట్టు ఉంటుంది, దాని మీద లావుపాటి కేబుళ్ళు వరసగా పరిచి ఉంటాయి. దాన్నే కేబుల్ ట్రే అంటారు. బరువు మోస్తుంది, గాలి ఆడనిస్తుంది, రేపు ఇంకో కేబుల్ వెయ్యాలంటే గోడ పగలగొట్టే పని లేదు. బరువైన కేబుళ్ళకు నిచ్చెన రకం, సన్నవాటికి చిల్లుల రేకు రకం వాడతారు. మీ ఇంటివాళ్ళకు రైస్‌మిల్లో పత్తి జిన్నింగ్ మిల్లో ఉంటే ఒక మాట చెప్పండి. అడుగు మూసి ఉన్న ట్రేలో దుమ్మూ దూదీ మేట వేస్తుంది, అంటుకోవడానికి నిప్పురవ్వ చాలు. నిచ్చెన రకంలో చాలావరకు కిందికి రాలిపోతుంది. ట్రే ఇనుపది కాబట్టి దానికీ ఎర్త్ ఇవ్వాలి. ఇంకో సంగతి, మన ఇళ్ళలో వాడే సన్నతీగల్ని అట్లా ట్రేలో విడిగా పరవకూడదు. వాటికి ఉండేది ఒక్క పొర తొడుగే. మీద ఇంకో గట్టి తొడుగు ఉన్న కేబుళ్ళకే ట్రే.

మరి మన ఇంటికేమిటి? వెనకటి రోజుల్లో టేకు పట్టీ కొట్టి, తగరపు క్లిప్పులతో తీగల్ని బిగించేవారు. పాత పెంకుటిళ్ళలో ఇప్పటికీ కనబడుతుంది. కొత్త స్లాబు ఇల్లయితే గోడలోనే పైపులు వేస్తారు. మట్టిగోడ, సున్నంగోడ ఇళ్ళలో గోడ చెక్కితే పెళ్ళలు ఊడొస్తాయి. అక్కడ పీవీసీ కేసింగ్ కేపింగ్ మేలు. అంటే అడుగున కాలువలాంటి పట్టీ, పైన మూత. మన ఇంటి మట్టుకు కేబుల్ ట్రే పని చేసేది ఇదే. అందంగా లేదని కొందరు పెదవి విరుస్తారు. నాకైతే కంటికి కనపడే తీగే మంచిదనిపిస్తుంది. గోడలో తీగ ఎక్కడ పోతుందో తెలియక ఫోటో కోసం మేకు కొట్టి షాక్ తిన్నవాళ్ళు లేరా?

కొనేటప్పుడు ఐఎస్ఐ గుర్తు చూడండి. ముక్కను కొద్దిగా వంచితే టక్కున విరగకూడదు. చిన్న ముక్కను పట్టుకారుతో పట్టుకుని, పిల్లల్ని దూరంగా ఉంచి, ఆరుబయట మంట చూపించండి. మంట తీసెయ్యగానే ఆరిపోవాలి. తీసేసినా మండుతూ చుక్కలు కారిందంటే దుకాణదారుకు తిరిగి ఇచ్చెయ్యండి. పొగ మాత్రం పీల్చకండి, పీవీసీ పొగ గొంతు పట్టేస్తుంది.

పట్టీ వెడల్పు దగ్గర పిసినారితనం వద్దు. తీగలన్నీ పెట్టాక లోపల సగానికి పైగా ఖాళీ ఉండాలి. మూత కూర్చోకపోతే గుద్దిగుద్ది కూర్చోబెట్టే పనివాళ్ళు ఉన్నారు. "ఏంగాదక్కా, నేను చూసుకుంటా" అంటారు. వినకండి, ఒక సైజు పెద్దది తెప్పించండి. రేపు ఇన్వర్టరో కూలరో వస్తే ఆ ఖాళీ పనికొస్తుంది.

లోపలి తీగలకు కూడా లెక్క ఉంది. లైట్లకూ ఫ్యాన్లకూ 1.5 చదరపు మిల్లీమీటర్ల తీగ, వంటింటి పెద్ద ప్లగ్గులకు 2.5, ఏసీ ఉంటే 4. ఒక లైట్ల లైనుకు పది పాయింట్లు, మొత్తం 800 వాట్లు దాటకూడదు. పెద్ద ప్లగ్గులు ఒక లైనుకు రెండే. ఎరుపు, పసుపు, నీలం ఫేజ్, నలుపు న్యూట్రల్, ఆకుపచ్చ ఎర్త్. దుకాణంలో ఆకుపచ్చ అయిపోయిందని ఎర్త్‌కు ఎర్రతీగ వేస్తామంటే ఒప్పుకోకండి, రేపు వేరే మనిషి వచ్చి విప్పితే వాడి ప్రాణం మీదికొస్తుంది.

బిగించేటప్పుడు మీరు దగ్గరుండాలి. పట్టీ నిలువుగానో అడ్డంగానో పోవాలి గానీ ఏటవాలుగా అడ్డదారిన పోకూడదు. పొయ్యికి సరిగ్గా పైన వద్దు, కుళాయికి ఆనుకుని వద్దు. మట్టిగోడలో స్క్రూ నిలవదు, అక్కడ దూలాన్నో గుంజనో ఆధారం చేసుకోవాలి. సున్నం గోడకయితే ప్లాస్టిక్ గిట్టీలు కొట్టి రెండడుగులకు తక్కువ దూరంలోనే ఒక్కో స్క్రూ పడాలి. తీగకు తీగ కలిపే అతుకు పట్టీలోపల ఉండకూడదు. జంక్షన్ బాక్సులో కనెక్టరు పెట్టి బిగించాలి. టేపు చుట్టిన అతుకు రెండు ఎండాకాలాలకే జిగురు ఎండి విప్పుకుంటుంది. టీవీ కేబుల్, ఇంటర్నెట్ తీగ ఇదే పట్టీలో దూర్చనివ్వకండి, వాటికి వేరే సన్న పట్టీ వేయించండి. మూత పెట్టకముందే ఫోన్‌తో ప్రతి గోడకూ ఒక ఫోటో తీసి పెట్టుకోండి.

మన దగ్గర పత్తి తీశాక ధర వచ్చేదాకా ఇంట్లోనే పోసి పెట్టుకునేవాళ్ళున్నారు. వడ్ల బస్తాలూ అంతే. బస్తాలున్నచోట ఎలుకలుంటాయి, ఎలుకలున్నచోట తీగ తొడుగు మిగలదు. పత్తి కుప్ప ఎప్పుడూ మీటరు బోర్డు కింద పొయ్యకండి, స్విచ్చుబోర్డు గోడకు ఆనించకండి. పట్టీ గోడలోంచి అవతలి గదికి పోయే కన్నం చుట్టూ సిమెంటుతో పూడ్పించండి. ఎలుక దారి అదే.

ఇంక దండెం సంగతి. ప్రతి వానాకాలం పేపర్లో ఈ వార్త వస్తూనే ఉంటుంది, బట్టలు ఆరేస్తూ షాక్ కొట్టి ఇల్లాలు మృతి అని. కాపాడబోయి భర్త కూడా పోయిన ఇళ్ళున్నాయి. స్తంభం నుంచి ఇంటికొచ్చే సర్వీసు తీగకు ఆధారంగా ఒక ఇనుపతీగ ఉంటుంది. అది బిగించిన గుంజకే దండెం కూడా కట్టుకుంటాం. గాలికి ఊగీ ఊగీ తొడుగు అరిగి లోపలి తీగ తగిలితే ఇనుపతీగలోకి, అక్కడి నుంచి దండెంలోకి, తడిబట్టలోంచి మన చేతిలోకి కరెంటు వస్తుంది. రేకుల మీదుగా తీగ పోయినా అంతే. కాబట్టి దండెం నైలాన్ తాడుతోనే కట్టండి, సర్వీసు తీగ ఉన్న గుంజకు మాత్రం కట్టకండి. సర్వీసు తీగ తొడుగు చీలినట్టు కనబడితే ముట్టుకోకుండా 1912 కు ఫోన్ చెయ్యండి. హన్మకొండలో ఆఫీసున్న మన ఉత్తర తెలంగాణ విద్యుత్ సంస్థకు ఫిర్యాదు నంబరు అదే.

"మా ఇంట్లో ఎంసీబీ ఉంది, పడిపోతుంది కదా" అని చాలామంది ధీమాగా ఉంటారు. ఎంసీబీ కాపాడేది తీగను. అది 6 ఆంపియర్లు, 16 ఆంపియర్లు దాటితేనే పడుతుంది. మనిషి ప్రాణం పోవడానికి ఒక ఆంపియర్‌లో పదోవంతు చాలు. మనిషిని కాపాడేది ఆర్‌సీసీబీ అనే ఇంకో స్విచ్చు. పోయిన కరెంటు పోయినట్టు తిరిగి రావాలి, మధ్యలో కొంత మన ఒంట్లోంచి భూమిలోకి జారితే అది కనిపెట్టి రెప్పపాటులో ఆపేస్తుంది. ఇంటికి 30 మిల్లీ ఆంపియర్లది అడగండి. మిక్సీ ధర కన్నా ఎక్కువేం కాదు. పట్టీలు కాస్త తగ్గించుకున్నా ఫరవాలేదు గానీ ఇది మానకండి.

ఎర్త్ కూడా సరిగ్గా ఉండాలి. రెండున్నర మీటర్ల జీఐ పైపు నేలలో దించి చుట్టూ బొగ్గూ ఉప్పూ వేస్తారు. ఎండాకాలంలో ఆ గుంత ఎండిపోతే ఎర్త్ బలహీనపడుతుంది. బియ్యం కడిగిన నీళ్ళయినా సరే, ఓ బిందెడు అందులో పొయ్యండి.

ఎవరికైనా షాక్ కొట్టి అతుక్కుపోతే చేత్తో లాగకండి. ముందు మెయిన్ ఆపండి. అది అందకపోతే పొడి చెప్పులేసుకుని ఎండిన కర్రతో తీగను తప్పించండి. మెయిన్ ఎక్కడుందో ఇంట్లో పిల్లలకు సుత తెలియాలి.

ఆర్‌సీసీబీ మీద టెస్ట్ అని చిన్న బటన్ ఉంటుంది. నెలకోసారి, పండ్రెండేళ్ళు దాటిన పిల్లల్ని పక్కన నిలబెట్టుకుని నొక్కండి. టక్కున పడితే బాగున్నట్టు. పడకపోతే ఆ రోజే మార్పించండి. గ్రైండర్ నడుస్తున్నప్పుడు మాత్రం నొక్కకండి, మినప్పిండి సగంలో ఆగిపోతుంది.