కథ కంచికి వెళ్ళాక మనం ఎక్కడికి?

"కథ కంచికి, మనం ఇంటికి" అన్న మాట తెలుగు పిల్లలందరికీ తెలిసినదే. ఆ చిన్న వాక్యంలో కథకుడికీ శ్రోతకూ నడుమ ఒక ఒడంబడిక ఉన్నది. చెప్పవలసినది చెప్పి కథకుడు సెలవు తీసుకున్నాడు. వినవలసినది విని శ్రోత లేచి తన గడపకు చేరుకోవాలి. ఓపెన్ వరల్డ్ రోల్ ప్లేయింగ్ ఆటలనబడే నేటి కంప్యూటరు క్రీడలలో ఈ ఒడంబడిక చెల్లదు. అక్కడ కథ కంచికి వెళ్ళిపోతుంది. ఆటగాడు మాత్రం ఆ కథ జరిగిన ఊళ్ళలోనే తిరుగుతూ ఉంటాడు. అతడికి ఆ ఊళ్ళు ఏమి జవాబు చెప్పాలి? ఈ ప్రశ్నకు ఆ ఆటల నిర్మాతలు ఇంతవరకు ఇస్తూ వచ్చిన సమాధానాలలో ఎక్కువ భాగం తప్పించుకొనే సమాధానాలేనని నా అభియోగం.

వ్యాకరణమూ కావ్యాలూ బడిపిల్లలకు చెప్పుకొని బ్రతికినవాడికి ఈ ఆటల గొడవ ఎందుకని కొందరు అడుగవచ్చు. కథ తాటాకు మీద ఉన్నా తెర మీద ఉన్నా దాని నిర్వహణ ఎట్లా ఉన్నదని అడిగే హక్కు దానిని అనుభవించినవాడికి ఎప్పుడూ ఉంటుంది. పైగా లక్షలాది యువకులు ఈనాడు కథ అనేదాన్ని పుస్తకంలో కంటె ఈ ఆటలలోనే ఎక్కువగా ఎరుగుదురు. చేసిన పనికి ఫలితం ఉంటుందా, ఉండదా అన్నది వారు అక్కడ నేర్చుకుంటున్నారు. కనుక ఇది చిన్న విషయం కాదు.

విషయం తెలియనివారి కోసం రెండు మాటలు. మొదట ఒక పెద్ద ఆట వెలువడుతుంది. కొన్ని నెలలకో ఏళ్ళకో దానికి ఎక్స్‌పాన్షన్ అనే పేరుతో ఒక అనుబంధ కథ వేరే వెలకు వస్తుంది. అందులో కొత్త ప్రదేశాలు, కొత్త పాత్రలు, కొత్త ముగింపు ఉంటాయి. ఈ కొత్త ముగింపు పాత ముగింపును ఏమి చేస్తుంది? ఆ తరువాత ఆడేవాడి చేతికి ఎటువంటి లోకాన్ని అప్పగిస్తుంది? వివాదమంతా ఇక్కడే. ముగింపు వచ్చాక ఆట ఆగిపోవాలని ఒక పక్షం, ఎన్నడూ ఆగరాదని మరొక పక్షం. ఇరుపక్షాలూ అసలు సంగతిని వదలి కొసరు కోసం కొట్లాడుతున్నాయి. ఆట ఆగడమూ ఆగకపోవడమూ ముఖ్యం కాదు. జరిగినదాన్ని ఆ లోకం గుర్తుపెట్టుకున్నదా లేదా అన్నది ముఖ్యం.

అన్నిటికంటె పెద్ద ఉదాహరణ ఫాలౌట్ 3. బెథెస్డా సంస్థ 2008లో దీన్ని విడుదల చేసింది. అణుయుద్ధంలో శిథిలమైన వాషింగ్టన్ నగర పరిసరాలు రంగస్థలం. అక్కడ ప్రజలకు కొరత తాగునీరు. నాయకుని తండ్రి నీటిని శుద్ధి చేసే యంత్రం కోసం పాటుపడి, అది శత్రువుల చేత చిక్కకుండా తాను నిలుచున్న గదిని రేడియేషన్‌తో నింపి ప్రాణం విడుస్తాడు. చివరకు అదే గదిలోకి బిడ్డ వెళ్ళి మీటలు నొక్కాలి. వెళ్ళినవారు తిరిగి రారు. తండ్రి మరణించిన చోటనే, తండ్రి తలపెట్టిన పనికే బిడ్డ ప్రాణమివ్వడం మంచి కల్పన. అక్కడితో ఆట ముగిసింది.

అయితే ఆటగాళ్ళు కోపించారు. కోపానికి ఒక న్యాయమైన కారణం ఉన్నది. రేడియేషన్ ఏమీ చేయలేని ఫాక్స్ అనే సహచరుడు పక్కనే నిలబడి ఉంటాడు. అంతకు ముందే నాయకుని కోసం అటువంటి గదిలోకి వెళ్ళి వచ్చినవాడు. ఆ చివరి క్షణంలో మాత్రం "ఇది నీ విధి" అన్న ధోరణిలో మాట్లాడి తప్పుకుంటాడు. కవి కథను నడపలేక పాత్ర గొంతు నొక్కడం ఇదే. మన అలంకారికులు దీనిని అనౌచిత్యం అని ఉండేవారు.

2009లో బ్రోకెన్ స్టీల్ అనే అనుబంధం వచ్చింది. చనిపోయిన నాయకుడు రెండు వారాల తరువాత కన్ను తెరుస్తాడు. ఆట కొనసాగుతుంది, నాయకుడు ఎదగగల స్థాయి 20 నుండి 30కి పెరుగుతుంది. ఫాక్స్‌ను గదిలోకి పంపడానికీ అనుమతి దొరికింది. అయితే అతడిని పంపితే ముగింపు వ్యాఖ్యానం నాయకుణ్ణి దెప్పుతుంది, నిజమైన వీరుడు వేరొకడని. సారా లయన్స్ అనే సేనాని వెళితే ఆమె మాత్రం నిజంగానే మరణిస్తుంది. ఒకే గది, ఒకే విషం. అనుబంధం కొన్నవాడికి మూర్ఛ, కొనని పాత్రకు మృత్యువు! ఇది కథాన్యాయం కాదు, అంగడిన్యాయం. త్యాగాన్ని మొదట ఒక వెలకు అమ్మి, ఆ త్యాగం రద్దును మరొక వెలకు అమ్మారు.

ఇంత కఠినంగా అన్నవాణ్ణి బ్రోకెన్ స్టీల్ చేసిన మంచిని కూడా చెప్పడం ధర్మం. శుద్ధి అయిన నీరు ఆ తరువాత ఊళ్ళకు సరఫరా అవుతూ కనబడుతుంది. నీటి బిడారులకు కాపలా కావలసి వస్తుంది. ఆ నీటిని దొంగవ్యాపారం చేసేవారు పుట్టుకొస్తారు. నాయకుడు యంత్రంలో విషం కలిపి ఉంటే, ఆ నీరు తాగినవారు జబ్బుపడి చనిపోతారు. మీట నొక్కిన వేలికీ ఊరిలోని కుండకూ సంబంధం ఇక్కడ కంటికి కనబడింది. నేను అడిగేది ఇటువంటిదే. నాయకుణ్ణి బ్రతికించడం కాదు, అతడు చేసిన పనిని బ్రతికించడం ఆ అనుబంధం సాధించిన ఘనత. విచిత్రమేమంటే దానిని పొగిడినవారు చాలామంది మొదటిదానికే పొగిడారు.

రెండవ పద్ధతి ఆబ్సిడియన్ సంస్థ 2010లో నిర్మించిన ఫాలౌట్: న్యూ వేగస్‌ది. హూవర్ డ్యామ్ దగ్గర చివరి యుద్ధం ముగియగానే ఏ ఊరు ఏమైందో, ఏ మిత్రుడు ఎటు పోయాడో ఒక్కొక్క చిత్రంతో చెప్పి తెర దించుతారు. ఆ తరువాత ఆట లేదు. ఎడారి ఎవరి ఏలుబడిలోకి వెళ్ళాలన్నది ఆటగాడు నిర్ణయిస్తాడు గనుక ఆ భవిష్యత్తులన్నీ నిర్మించడం తలకు మించిన భారమే. అందుచేత తెర దించడం నిజాయితీ గల పని అని ఒప్పుకుంటాను. కాని ఆ ఆటకు 2010, 2011 సంవత్సరాలలో వచ్చిన నాలుగు కథానుబంధాలూ యుద్ధానికి ముందే జరగాలి. కనుక శత్రుసేనలు నదికి ఇరువైపులా కత్తులు దూసుకొని, మన నాయకుడు నాలుగు దిక్కులా దేశాటనం ముగించుకొని వచ్చేదాకా ఓపికగా కాచుకొని ఉంటాయి. అంత్యం లేకపోవడం ఎంత అసహజమో, అంత్యం అరుగు మీద అతిథిలా ఎదురుచూడడమూ అంతే అసహజం.

అయినా ఆ నాలుగింటిలో చివరిదైన లోన్‌సమ్ రోడ్‌లో ఒక మెరుపు ఉన్నది. క్షిపణులను ఏ వైపు ప్రయోగించాలన్నది నాయకుని చేతిలో పెడతారు. ప్రయోగిస్తే ఆ తరువాత లాంగ్ 15 అనే దారికో, డ్రై వెల్స్ అనే చోటుకో స్వయంగా నడిచి వెళ్ళి తాను తగలబెట్టినదాన్ని చూడవచ్చు. దెబ్బతిన్న పక్షం అతణ్ణి క్షమించదు. అనుబంధపు ముగింపు తన హద్దులలో ఉండిపోక అసలు ఆటలోకి పొగలా వ్యాపించింది. చిన్న ప్రదేశమే, కాని అందులో ధర్మం ఉంది.

ఇక మూడవ పద్ధతి. నా కోపమంతా దీని మీదనే. పోలండ్‌కు చెందిన సీడీ ప్రాజెక్ట్ రెడ్ సంస్థ 2020లో సైబర్‌పంక్ 2077నూ, 2023లో దాని అనుబంధమైన ఫాంటమ్ లిబర్టీనీ విడుదల చేసింది. వీ అనే కథానాయకుని తలలోని చిప్పు వీని మెల్లగా చంపుతూ ఉంటుంది. అనుబంధంలో సాంగ్‌బర్డ్ అనే ఆమెను ప్రభుత్వానికి అప్పగిస్తే చికిత్సకు దారి దొరుకుతుంది. శస్త్రచికిత్స జరిగి వీ కళ్ళు తెరిచేసరికి రెండేళ్ళు గడిచిపోయి ఉంటాయి. ప్రాణం దక్కింది. కాని శరీరంలో యుద్ధయంత్రాలు ఇక పనిచేయవు. తలలో తోడుగా ఉన్న జానీ గొంతు లేదు. స్నేహితులు తమ తమ బ్రతుకులలోకి వెళ్ళిపోయారు. ఒకప్పుడు నగరాన్ని గడగడలాడించిన మనిషి వీధి రౌడీల చేతిలో దెబ్బలు తిని, చివరకు జనంలో ఒకరుగా కలిసిపోతాడు.

ఇది గొప్ప ముగింపు. బ్రతకడం కోసం ఏమేమి వదులుకోవాలో ఇంత నిర్దాక్షిణ్యంగా చెప్పిన ఘట్టాలు ఈ క్రీడలలో అరుదు. కాని పేర్ల జాబితా సాగిపోయిన తరువాత ఏమవుతుంది? ఆట మనలను వెనక్కు తీసుకుపోయి, ఆ చివరి నిర్ణయానికి ముందున్న క్షణంలో నిలబెడుతుంది. రెండేళ్ళూ మాయం. చిప్పు మళ్ళీ తలలో ఉంది, జానీ మళ్ళీ పక్కనే ఉన్నాడు, యంత్రాలు మళ్ళీ పదునుగా ఉన్నాయి. పోగొట్టుకున్నదంతా తిరిగి జేబులో పెట్టి, "ఇక ఇష్టమొచ్చినట్లు తిరగండి" అంటుంది. శోకసభ ముగియకముందే శవం లేచి కాఫీ అడిగినట్లుంది.

ఈ ముగింపు నిజంగా అడుగవలసిన ప్రశ్న ఒకటే: బలం పోయిన మనిషి ఆ నగరంలో ఎట్లా బ్రతుకుతాడు? దానికి జవాబు ఆటలోనే తేలాలి. పూర్వం ఒంటిచేత్తో పదిమందిని పడగొట్టిన సందులో ఇప్పుడు తలవంచుకొని నడవవలసి రావడం ఆటగాడికి అనుభవంలోకి రావాలి. పూర్తి ఆట అక్కరలేదు. ఒక పేట, ఒక అద్దెగది, నాలుగు చిన్న పనులు చాలు. అది ఇవ్వకుండా వెనక్కు పంపడం ప్రశ్న వేసి పిల్లవాడు నోరు తెరిచేలోపల గంట కొట్టినట్లే.

దీనికి వచ్చే సమాధానాలు నాకు తెలుసు. ప్రతి ముగింపుకూ లోకాన్ని మార్చాలంటే ప్రతి పాత్ర చేతా మళ్ళీ మాటలు రికార్డు చేయించాలి, ప్రతి వీధినీ మళ్ళీ దిద్దాలి, ఖర్చు తడిసి మోపెడవుతుంది అంటారు. నిజమే. మిగిలిపోయిన చిన్న చిన్న పనులు పూర్తిచేసుకొనే అవకాశం డబ్బు పెట్టి కొన్నవాడికి ఉండాలి అంటారు. అదీ నిజమే. కాని గుర్తుంచుకోవడానికి గంపెడు ధనం అక్కరలేదని అదే సంస్థ ఏడేళ్ళ ముందే నిరూపించింది.

2015లో వచ్చిన ది విచర్ 3కు 2016లో బ్లడ్ అండ్ వైన్ అనే అనుబంధం చేర్చారు. ద్రాక్షతోటల దేశమైన టూసాంట్‌లో గెరాల్ట్ అనే రాక్షసాంతకుడికి కోర్వో బియాంకో అనే తోట దక్కుతుంది. కథ ముగిశాక ఆ ఇంటికి ఒక అతిథి వస్తుంది. ఎవరన్నది అసలు ఆటలో మనం చేసిన నిర్ణయాలను బట్టి మారుతుంది. సిరి కావచ్చు, యెన్నెఫర్ కావచ్చు, ట్రిస్ కావచ్చు. ఎవరూ మిగలకపోతే పాత స్నేహితుడు డాండెలియన్ వస్తాడు. ఎంత ఖర్చయింది? ఒక ఇల్లు, ఒక తలుపు, కొన్ని మాటలు. ఎప్పుడో చేసిన పనికి ఇంత ఆలస్యంగా, ఇంత దూరంలో ఫలం వచ్చి తలుపు తట్టడం చూసి తృప్తిపడనివారు ఉండరు. ఆ ఆటలోనూ లోపముంది: ఉత్తర రాజ్యాలు ఎవరి వశమయ్యాయో వ్యాఖ్యానంలో చెప్పినా, తిరిగి వెళ్ళి చూస్తే దారుల మీద ఆ మార్పు దాదాపు కనబడదు. ఐనా ఆ ఒక్క తలుపు చప్పుడు మిగతా నిశ్శబ్దాన్ని చాలావరకు క్షమింపజేస్తుంది.

అది లేనప్పుడు ఎట్లా ఉంటుందో బెథెస్డా వారి అబ్లివియన్‌కు 2007లో వచ్చిన షివరింగ్ ఐల్స్‌లో చూడవచ్చు. దాని చివర నాయకుడు సాక్షాత్తూ ఉన్మాద దేవత స్థానాన్ని అలంకరిస్తాడు. తిరిగి సిరొడీల్ రాజ్యంలోకి అడుగుపెడితే వీధి భటుడు వెనకటిలాగానే, ఒక మామూలు మనిషితో మాట్లాడినట్లే మాట్లాడతాడు. దేవతాపదవి ద్వారం దాటగానే ఆవిరైపోయింది. అప్పుడు ఆ పట్టాభిషేకానికి అర్థమేమున్నది?

సంస్కృత నాటకశాస్త్రం చెప్పిన అయిదు సంధులలో చివరిది నిర్వహణం. విడివిడిగా పారిన కథాంశాలన్నీ అందులో ఒక్కచోట చేరి ఫలించాలి. ఫలమంటే విజయం కాదు. మహాభారతాన్ని చూడండి. పద్దెనిమిది రోజుల యుద్ధం ముగిశాక వ్యాసుడు గ్రంథం ముగించలేదు. స్త్రీపర్వంలో తల్లులూ భార్యలూ రణరంగంలో శవాలను వెదుక్కుంటారు. గెలిచిన ధర్మరాజు రాజ్యం నాకు వద్దని విలపిస్తాడు. వృద్ధులు అడవికి పోతారు, యాదవకులం నశిస్తుంది, అర్జునుడి గాండీవం ఆపదలో అక్కరకు రాకుండా పోతుంది. విరాటపర్వంతో కలం పట్టిన తిక్కన యుద్ధపర్వాల దగ్గర ఆగక స్వర్గారోహణం దాకా పదిహేను పర్వాలనూ నడిపించాడు. యుద్ధం తరువాతి జీవితమే యుద్ధానికి తీర్పు అని ఆ కవులకు తెలుసు. ఏ కవీ "యుద్ధం అయింది, మళ్ళీ పదిహేడవ రోజుకు వెళ్దాం, అక్కడ ఇంకా కొన్ని బాణాలు మిగిలాయి" అనలేదు.

ఓపెన్ వరల్డ్ ఆటకు ఈ అవకాశం కావ్యానికంటె ఎక్కువ. కావ్యంలో స్త్రీపర్వాన్ని చదువుతాం. ఆటలో దానిలో నడవవచ్చు. అంత వరం చేతిలో ఉంచుకొని, కొందరు తెర దించి పారిపోతున్నారు, కొందరు గడియారం వెనక్కు తిప్పి పారిపోతున్నారు, కొందరు చచ్చినవాణ్ణి లేపి రొక్కం లెక్కపెట్టుకుంటున్నారు.

నిర్మాతలను నేను అడిగేది మూడు విషయాలు. ఆట ముగిస్తారా, నిజంగా ముగించండి. దానిని రద్దుచేసే అనుబంధాన్ని తరువాత అమ్మకండి. కొనసాగిస్తారా, జరిగిన తరువాతి కాలంలోకి కొనసాగించండి; ముందటి క్షణంలోకి తోయకండి. అనుబంధం చేరుస్తారా, దాని ముగింపును అసలు లోకంలో కనీసం ఒక్క మనిషి నోటనైనా పలికించండి. వెయ్యి గుహలు కొత్తగా తవ్వడం కంటె ఆ ఒక్క మాట విలువైనది.

ఆటగాళ్ళకూ ఒక మాట. "నా నాయకుడు చావకూడదు, నా ఆట ఆగకూడదు" అని మాత్రమే అడిగితే మీకు బ్రోకెన్ స్టీల్‌లోని మూర్ఛ దొరుకుతుంది. "నేను చేసిన పని ఆ ఊరికి తెలియాలి" అని అడగండి. మొదటి కోరిక తీర్చడం చాలా తేలిక. అందుకే వారు దానిని ఇన్నేళ్ళుగా తీరుస్తున్నారు.