కాటా సున్నా చూపిందా?

మార్కెట్ యార్డులో కాటా సున్నా చూపందే మా నాన్న వడ్ల బస్తా ఎక్కించడు. ఆయన కడుపున పుట్టి, బి.ఎస్సీ. చదువుతూ, డ్యాష్‌బోర్డులో గీత పైకి లేవగానే నేను నమ్మేశాను!

మా డిపార్ట్‌మెంటు పాత ప్రశ్నపత్రాల వెబ్‌సైటులో పేజీలు చూసే లెక్క ఒక్క వారంలో రెట్టింపైందని గూగుల్ అనలిటిక్స్ చూపింది. ఇక అచ్చు ప్రతులెందుకు, ఆపేద్దామన్నది నేనే. "మా హాస్టల్లో ఎవడూ తెరవట్లేదు, మరి చూసేదెవర్రా?" అని మిత్రుడొకడు అడిగాక గానీ నాకు అనుమానం రాలేదు.

ఆమ్నిబగ్ అనే ఉచిత బ్రౌజర్ ఎక్స్‌టెన్షన్ పెట్టి చూశాను. పేజీ నుంచి అనలిటిక్స్‌కు వెళ్లే ప్రతి కబురునూ అది విప్పి చూపుతుంది. పేజీ తెరిచింది ఒకసారి, 'పేజ్ వ్యూ' వెళ్లింది రెండుసార్లు! రెండింటిమీదా ఒకటే ఐ.డి. ట్యాగు పేజీ కోడులో ముందే ఉంది. ఆ వారమే ట్యాగ్ మేనేజర్ ద్వారా నేను ఇంకొకటి తగిలించాను. తప్పు అచ్చంగా నాదే. (ఎక్స్‌టెన్షన్‌నూ గుడ్డిగా నమ్మకూడదు సుమా. అది చూపేది మన బ్రౌజరు గడప దాటేవరకే. అవతల సర్వర్లో ఎలా కూడారో దానికి తెలియదు.)

వెర్నియర్‌కు జీరో ఎర్రర్ చూడకపోతే రికార్డు తిప్పికొట్టే మన మాస్టార్లు, కంప్యూటర్ ల్యాబులో గ్రాఫు అందంగా ఉంటే మార్కులు వేసేస్తున్నారు. అంకె ఎక్కడ పుట్టిందని అడిగే ప్రాక్టికల్ ఒక్కటైనా పెట్టమని అధ్యాపకులకు నా మనవి.

రెండో ట్యాగు తీసేశాను. గీత కిందికి దిగింది. అచ్చు ప్రతులు మళ్లీ హాస్టలుకు వెళ్తున్నాయి.