దక్కని ఓ-లాన్ పాత్ర

అమెరికా టంకశాల 2022లో అన్నా మే వాంగ్ ముఖబింబమును పావు డాలరు నాణెముపై ముద్రించినప్పుడు, వలస కుటుంబమున జనించి వెండితెర నేలిన వనితయని ఆమెను కొనియాడినవారు పలువురు. ఆ ప్రశంసయందు సత్యమెంత కలదో మరపును అంతయే కలదు. ఆ కుటుంబము చీనా విడిచి కాలిఫోర్నియా చేరినది ఆమె తాత కాలమున. లాస్ ఏంజెలెస్‌లో బట్టలుతుకు అంగడి నడిపిన తండ్రి వాంగ్ సామ్ సింగ్ ఆ రాష్ట్రముననే పుట్టినవాడు. 1905లో ఆమెయు ఆ నగరముననే జన్మించెను. అయినను, 1882 నాటి చీనా బహిష్కరణ శాసనము అమలులోనున్న ఆ దినములలో, విదేశమునకు పోదలచిన చీనా సంతతివారు మరల ఇల్లు చేరుటకై తమ పౌరసత్వమును అధికారుల యెదుట ముందుగా నిరూపించుకొనవలసియుండెను.

ఆ గడ్డపై పరాయివారెవరో నిర్ణయించిన నీతి యెట్టిదో తెలియగోరువారు 1937 నాటి ‘ది గుడ్ ఎర్త్’ చిత్రపు నటవర్గమును పరికించిన చాలును. పెర్ల్ బక్ నవల ననుసరించి ఎం.జి.ఎం. సంస్థ తీసిన ఆ చిత్రమున కథ చీనా కర్షకులది. కాని కృషీవలుడు వాంగ్ లుంగ్‌గా నటించిన పాల్ ముని నేటి ఉక్రెయిన్‌లోని ల్వీవ్ నగరమున పుట్టి బాల్యమున అమెరికా చేరినవాడు. అతని యిల్లాలు ఓ-లాన్‌గా నటించిన లూయీజ్ రైనర్ జర్మనీలో జన్మించి 1935లో హాలీవుడ్‌కు వచ్చినది. విలాసిని లోటస్ వేషము ధరించిన టిలీ లోష్ వియన్నా నర్తకి. నిజమునకు వలస వచ్చినవారు ఈ మువ్వురును. ఓ-లాన్ పాత్రకై చిరకాలము నిరీక్షించిన అన్నా మే అమెరికాలోనే పుట్టి పెరిగినది. శ్వేతజాతి నాయకునికి అన్యజాతి నాయిక జోడు కారాదను నాటి నిర్మాతల నియమము వలన, ముని ఎన్నికతోనే ఆమె ఆశ అడుగంటెను. రైనరుకు ఆ పాత్రయే ఆస్కార్ తెచ్చిపెట్టినది. ఆమె నటన సామాన్యమని నేననను.

అంతవరకు అన్నా మేకు దక్కినవన్నియు ప్రేమించి చచ్చు వేషములో, వంచించు వేషములో. పదునేడవ యేట ‘ది టోల్ ఆఫ్ ది సీ’లో అమెరికా భర్త విడనాడగా సముద్రముపాలైన యువతి, 1924లో ‘ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్’లో మోసగత్తెయైన దాసి. విసిగి 1928లో ఐరోపా చేరి, మరుసటి యేట ‘పికడిలీ’యను మూకీచిత్రమున, లండన్ విలాసశాల పాకగృహములో అంట్లు తోము పడుచుగా, ఆ ఆవిరుల నడుమ బల్లపై నిలిచి మందగతిని నర్తించిన ఆమెను చూచినవారికి ఆమె ప్రజ్ఞయెంతటిదో వేరుగ చెప్పనక్కరలేదు. ఆ కథలోను తుదకామెకు హత్యయే గతి. 1936లో చీనా వెళ్లగా, చీనావారిని కించపరచు వేషములు వేసితివని అచటను నిందించినవారు కలరు; ఆమెకు పాత్రలనెంచుకొను స్వాతంత్ర్యమే లేదను సంగతి వారు తలపరైరి.

నటుడు పరకాయప్రవేశము చేయువాడు కదా, జాతి యడుగనేల యని కొందరి వాదము. స్థానం నరసింహారావుగారు సత్యభామయై రంగమునకు వచ్చినప్పుడు పురుషుడని ఎవరు స్మరించిరి? (కులస్త్రీలకు ఆనాడు రంగప్రవేశము దుర్లభమగుటయు అందుకొక కారణమనుట వేరు సంగతి.) వాదము ఒప్పదగినదే. కాని ఐరోపా నుండి వచ్చినవారు చీనా రైతుదంపతులు కాగలిగిన ఆ హాలీవుడ్‌లో, అన్నా మే వాంగ్‌ను ఐయోవా రైతుబిడ్డగానో బోస్టన్ ఉపాధ్యాయినిగానో నిలిపిన చిత్రమొక్కటి చూపుడు. అంతట నేనును అంగీకరించెదను.